ఇర్వింగ్‌లో పందికొక్కు లేదు

వినాయక చవితికి రెండు వారాల ముందు, ఎవరెవరు ఏం చేయాలో జాబితా మెయిల్‌లో వచ్చింది. మండపం అలంకరణ, పూలు, పులిహోర, పాయసం, అన్నిటి ఎదురుగా పేర్లున్నాయి. ఉండ్రాళ్ళ ఎదురుగా నాలుగేళ్ళుగా నా పేరుండేది. ఆ ఏడు అక్కడ ఇంకొకావిడ పేరుంది. పొరపాటున వేరేచోట వేశారేమోనని జాబితా చివరిదాకా చూశాను. పేపర్ ప్లేట్లు తెచ్చే వాళ్ళలో కూడా నేను లేను.

"పోనీలే, ఒక ఏడాది హాయిగా కూర్చుని తిను," అన్నారు మా ఆయన.

ఆయనకు అది చిన్న సంగతి. నాకు కాదు. టెక్సస్‌లోని ఇర్వింగ్‌కి నేను డిపెండెంట్ వీసా మీద వచ్చాను. ఉద్యోగం చేయడానికి వీల్లేదు. ఇంటి లీజు ఆయన పేరు మీద, కారు ఆయన పేరు మీద, కరెంటు బిల్లు ఆయన పేరు మీద. ఆ ఊళ్ళో నా పేరు మీద ఉన్న పని ఏడాదికొక్కటి. అద్దె హాల్లో చవితి పూజకొచ్చే రెండు వందల మందికి ఉండ్రాళ్ళు చేయడం. అది కూడా తీసేస్తే ఊరుకునేదాన్ని కాదు.

ఎందుకు తీసేశారో నాకు తెలుసు. అంతకు ముందు శనివారం మా గరాజ్‌లో ఎలుక కనిపించింది.

సోనా మసూరి బియ్యం సేల్‌లో పెట్టినప్పుడల్లా మా ఎనిమిది కుటుంబాలు కలిసి కొనేవాళ్ళం. మగవాళ్ళు ముగ్గురు కార్లలో సీట్లు మడిచి, ఇరవై పౌండ్ల సంచులు తెచ్చి మా గరాజ్‌లో పేర్చేవారు. మాది అద్దె టౌన్‌హోమ్. మిగతావాళ్ళలో చాలామందివి పై అంతస్తు అపార్ట్‌మెంట్లు. పూజలూ పిక్నిక్‌లూ నడిపించే ఆంటీకి సొంతిల్లూ రెండు కార్ల గరాజూ ఉన్నా, బియ్యం పెడితే కార్లు ఎండలో ఉండాల్సి వస్తుందని ఆవిడ మొదటి ఏడాదే తేల్చి చెప్పింది. అలా మా గరాజ్ గోదాం అయింది. శనివారం పొద్దున అందరూ వచ్చి, నేనిచ్చిన టీ తాగి, ఎవరి సంచులు వాళ్ళు పట్టుకెళ్ళేవారు.

ఆ శనివారం చివరి వరస సంచులు జరిపేసరికి గోడ వారగా ఒక ఎలుక పరుగెత్తి, వాటర్ హీటర్ వెనక పైపు పట్టుకుని పైకెక్కి మాయమైంది.

"అమ్మో, పందికొక్కు," అన్నాను.

ఆ మాట అన్నది నేనే. దాచడానికేమీ లేదు. మా ఇంట్లో కాస్త పెద్ద ఎలుక ఏది కనిపించినా మా అమ్మ అలాగే అనేది. ఎలుకల మీద డిగ్రీ ఉన్న నేను, చదువు గుర్తుకు రాకముందే అమ్మ మాట అనేశాను. ఒక సంచి మూల కొరికి ఉంది. ఎవరో ఆ సంచిని చూపించారు. మిగిలిన టీ మిగిలినట్టే ఉండిపోయింది. "ఇండియా నుంచి బియ్యం సంచిలోనే వచ్చుంటుంది," అని ఆంటీ అంది. సోమవారానికి ఆ మాట కార్‌పూల్‌లన్నిటికీ పాకింది. మా ఆయన ఆఫీసులో ఒకాయన "మీ ఇంట్లో పందికొక్కులున్నాయటగా," అని అడిగాడట. ఒకటి కాస్తా పదయ్యాయి.

జాబితా చూసిన వెంటనే ఆంటీకి ఫోన్ చేశాను.

"ఆంటీ, ఉండ్రాళ్ళ దగ్గర నా పేరు లేదు."

"అదా. నాలుగేళ్ళు చేశావు కదమ్మా. ఈసారి రెస్ట్ తీసుకో."

"రెస్ట్ నేనడగలేదు కదాంటీ."

"అలా కాదమ్మా. మీ ఇంట్లో ఆ ప్రాబ్లం ఉంది కదా. పిల్లలు తినేది. రేపు ఎవరికైనా స్టమక్ అప్‌సెట్ అయితే మాట నాకొస్తుంది."

"ఎలుక కనిపించింది గరాజ్‌లో. వంట చేసేది కిచెన్‌లో."

"ఉత్త ఎలుకైతే నేనూ పట్టించుకోనమ్మా. పందికొక్కని చెప్పింది నువ్వే. నువ్వు జువాలజీ కూడానూ."

జువాలజీ అన్న మాటని ఆవిడ పలికే తీరు నాకు పాతదే. మేము ఇర్వింగ్ వచ్చిన కొత్తలో తలా ఒక వంట తెచ్చుకునే ఒక పోట్‌లక్‌లో, ఏం చదువుకున్నావని అడిగి, నేను చెబితే, "జువాలజీనా, పాపం," అంది. ఆ 'పాపం' నాకింకా గుర్తుంది. ఆ రోజు ఆవిడ కట్టుకున్న ఆకుపచ్చ చీర కూడా గుర్తుంది. మా పెళ్ళిలో మా ఆడపడుచు నన్ను 'ఎలుకల ఎమ్మెస్సీ' అని చుట్టాలకు పరిచయం చేసింది. అదీ గుర్తుంది. ఇలాంటివి మరిచిపోవడం ఆరోగ్యానికి మంచిదంటారు. నా ఆరోగ్యం బాగానే ఉంది.

ఎలుకల ఎమ్మెస్సీ అన్నది అబద్ధమేమీ కాదు. చివరి ఏడాది నా ప్రాజెక్టు పందికొక్కుల మీదే. గోదావరి డెల్టాలో ఒక వ్యవసాయ కేంద్రం దగ్గర ఆరు నెలలు ఉన్నాను. ఎలుకలు పట్టే తాత ఒకాయన వరి గట్ల మీద వెదురు బుట్టలు పెట్టేవాడు. పడినవాటిని నేను కొలిచి పుస్తకంలో రాసేదాన్ని. గట్ల కింద కన్నాల్లో ఉండేది కాస్త చిన్నరకం. అది వెన్నులు కోసి కన్నంలో దాచుకుంటుంది. ఇళ్ళ చుట్టూ, మురుగు కాలవల పక్కన, పెంటకుప్పల్లో ఉండేది పెద్దరకం. పెద్దదాన్ని ఒక్కసారి చేత్తో పట్టుకున్నవాళ్ళు దాన్ని మరో ఎలుకతో పొరబడరు. ఒళ్ళే అడుగు దాకా ఉంటుంది. బాగా తిన్నది కిలో దగ్గరికి తూగుతుంది. మూతి మొద్దుగా, వెడల్పుగా ఉంటుంది. వీపు మీద నల్లటి ముతక వెంట్రుకలు పొడుగ్గా లేచి ఉంటాయి. కోపమొస్తే అవి నిక్కబొడుచుకుంటాయి, అది పందిలా గురగురమంటుంది. పాదాలు కూడా నల్లగానే ఉంటాయి. తోక లావుగా ఉంటుంది గాని, ఒంటికంటే పొడుగుండదు.

ఆ చివరి లక్షణం తాత నాకు చెప్పిన మొదటి పాఠం. "తోకని వీపు మీదుగా ముందుకి లాగి సూడమ్మా. మూతి దాటిందా, అది ఇంటి కప్పు మీద తిరిగేది. దాటలేదా, నేలలో తవ్వుకునేది." స్కేలు అక్కర్లేదు, పుస్తకం అక్కర్లేదు.

పందికొక్కు ఎక్కడెక్కడ ఉంటుందో కూడా నేను పరీక్షలో రాసినదే. మన దేశం, శ్రీలంక, నేపాల్, బర్మా, అక్కడినుంచి థాయిలాండ్, వియత్నాం, దక్షిణ చైనా, తైవాన్ దాకా. జావా దీవికి మనుషులే పట్టుకెళ్ళారని చెబుతారు. అంతటితో సరి. దాని పేరు మాత్రం సముద్రాలు దాటింది. మన తెలుగు మాటనే ఇంగ్లీషువాళ్ళు బాండికూట్ అని పలికి, ఆస్ట్రేలియాలో దీనికి ఏ చుట్టరికమూ లేని ఇంకో జంతువుకి కూడా తగిలించారు. పేరు దాటింది గాని జంతువు అమెరికాకి దాటలేదు. కిలో తూగే జంతువు ఇరవై పౌండ్ల సంచిలో, మూతి కుట్టేశాక, వారాల తరబడి ఓడలో గాలీ నీళ్ళూ లేకుండా వచ్చిందని చదువుకున్నవాళ్ళు ఎలా నమ్మారో నాకిప్పటికీ అర్థం కాదు. కాని నమ్మారు. నేను చెప్పానని నమ్మారు. కాబట్టి దాన్ని నేనే సరిదిద్దాలి. మాటలతో కాదు, ఎలుకతో.

రెంటల్ ఆఫీసుకి ఫోన్ చేస్తే బుధవారం పురుగుల మందు కొట్టే మనిషిని పంపారు. అరవై దగ్గరపడ్డ మనిషి, నెరిసిన మీసాలు, నుదుటికి లైటు. గరాజ్ కప్పులో ఉన్న మడత నిచ్చెన దించి అటక మీదకెక్కాడు. కాసేపటికి గుప్పిటనిండా పికాన్ కాయల పెంకులు, అక్రోటు లాంటివి, పట్టుకుని దిగాడు. ఒక్కో పెంకుకీ పక్కన గుండ్రటి రంధ్రం, లోపల డొల్ల.

"రూఫ్ ర్యాట్," అన్నాడు ఇంగ్లీషులో. "మీ పక్క పికాన్ చెట్టు కొమ్మ కప్పుని తాకుతోంది. చూరు కింద జాలీ చిరిగింది."

ఇంటి కప్పు మీద తిరిగే ఎలుక. నాకు కావలసిన మాట అదే. కాని ఆయన ఫారమ్ తీసి, కారణం అన్న గడిలో 'అద్దెకున్నవారి ఆహార నిల్వ' అని రాసి, సంతకం పెట్టమన్నాడు.

"ఇది నేను సంతకం పెట్టను," అన్నాను.

"బియ్యం సంచులు పెట్టారని మీరే చెప్పారు కదా మేడమ్."

"రెండు రోజులు పెట్టాం. మీ చేతిలో ఉన్న పెంకులు ఎన్నాళ్ళవి?"

ఆయన గుప్పిట విప్పి చూసుకున్నాడు. అది ఆగస్టు. పికాన్ కాయలు రాలేది చలికాలం ముందు. "పోయినేడాదివి," అన్నాడు.

"అంటే ఎలుక ముందొచ్చింది. బియ్యం తరవాతొచ్చింది."

"ఇది ఉత్త ఫారమ్ మేడమ్. ఎవరూ చదవరు."

"చదివేవాళ్ళు నాకున్నారు."

మా ఆయన లోపల్నుంచి, "పెట్టేయ్ పోనీ, ఆయనకి ఇంకా జాబ్స్ ఉంటాయి," అన్నారు. నేను వినిపించుకోలేదు. మందు కొట్టే ఆయన ఒకసారి నన్నూ, ఒకసారి గడియారాన్నీ చూసి, రాసింది కొట్టేసి, 'చెట్టు కొమ్మ, చూరు దగ్గర చిరిగిన జాలీ' అని రాశాడు. అప్పుడు సంతకం పెట్టి, పసుపుపచ్చ కాపీ తీసుకున్నాను. అటక మీద వేరుశనగ వెన్న రాసి మూడు బోనులు పెట్టాడు. ఎలుక పడితే పారేయకుండా నాకివ్వాలంటే, "పెట్‌గా పెంచుతారా," అని మొదటిసారి నవ్వాడు.

శనివారం పొద్దునే ఒక బోను టప్పుమంది. నేనే ఎక్కి దించాను. గ్లవ్స్ వేసుకుని, గరాజ్ నేల మీద పాత న్యూస్‌పేపర్లు పరిచి, బ్లౌజులు కుట్టే టేపు పెట్టాను. ఎన్నో ఏళ్ళ తరవాత చేతులకు ఆ పని గుర్తొచ్చింది. మూతి సన్నగా మొన తేలి ఉంది. వెంట్రుకలు మెత్తగా, గోధుమ రంగులో ఉన్నాయి. పల్చటి పెద్ద చెవిని ముందుకు మడిస్తే కంటిదాకా వచ్చింది. ఒళ్ళు ఏడంగుళాలు. తోక ఎనిమిదిన్నర. తోకని వీపు మీదుగా ముందుకి లాగాను. మూతి దాటి అంగుళమున్నర మిగిలింది.

"బరువు?" అన్నారు మా ఆయన. ఆయనకూ అప్పటికి ఆసక్తి పుట్టింది. ఇండియా వెళ్ళేటప్పుడు సూట్‌కేసులు తూచే కొక్కెం త్రాసు తెచ్చారు. ఎలుకని ప్లాస్టిక్ సంచిలో వేసి తగిలిస్తే ముల్లు కదల్లేదు. "పందికొక్కయితే కదలాలి కదా," అన్నారు ఆయనే. నాకు అది చాలదు. బట్టల హ్యాంగర్‌ని తలుపు గుబ్బకు వేలాడదీసి, ఒక కొసకి ఎలుక సంచి, ఇంకో కొసకి ఇండియన్ షాపులో కొన్న రెండు వందల గ్రాముల ఆవాల ప్యాకెట్ కట్టాను. హ్యాంగర్ ఆవాల వైపు వంగింది. స్కేలు పక్కన పెట్టి ఫొటోలు తీశాం. తరవాత ఎలుకనీ, ఆవాల ప్యాకెట్‌నీ, గ్లవ్స్‌నీ, టేపునీ కూడా మూటగట్టి చెత్తడబ్బాలో వేశాను. ఆ టేపు మా అమ్మది. అయినా వేశాను. రేపు ఎవరైనా అడిగితే చెప్పడానికి ఉండాలి.

ఆదివారం ఆంటీ ఇంట్లో చవితి మీటింగ్. నన్ను పిలవలేదు. వెళ్ళాను. మా ఆయన నా వెనకే వచ్చారు. హాల్లో పదిహేను మంది దాకా ఉన్నారు. ఫ్లవర్స్ ఆర్డర్ గురించి మాట్లాడుతున్నారు. నేను ఫొటోలు, పసుపుపచ్చ కాపీ సెంటర్ టేబుల్ మీద పెట్టాను.

"ఇది మా గరాజ్‌లో దొరికిన ఎలుక. ఆ రోజు దీన్ని చూసి పందికొక్కన్నాను. అది నా తప్పు. సరిగా చూడకుండా అన్నాను. ఇప్పుడు కొలిచాను. ఇది పందికొక్కు కాదు. మన బియ్యంలోనూ రాలేదు. మా పక్కనున్న పికాన్ చెట్టు మీదదే."

నా తప్పు అన్న మాట పలకడం నాకు అలవాటు లేదు. అదొక్కటీ ముందురోజు అద్దం ముందు అనుకుని చూసుకున్నాను.

ఒక కుటుంబానికి చెందిన పెద్దాయన, కరీంనగర్ నుంచి కొడుకు దగ్గరికి వచ్చి ఉన్నవాడు, ఫొటో అందుకుని కళ్ళద్దాలు సర్దుకున్నాడు.

"గిదా పందికొక్కు? ఎవరన్నరు బిడ్డా?"

"నేనే అన్నాను పెద్దనాన్నా."

"గింతే ఉంటదా. మా దిక్కు పందికొక్కు ఎదురు తిరిగితే పిల్లి సుత గోడెక్కి కూసుంటది. గిది దాని ముంగట చుంచు లెక్క."

నవ్వులు లేచాయి. కార్‌పూల్‌లో వార్త మోసిన కుర్రాడు ఒకడు, ఇంజనీరు, "పోనీ ఆంటీ, ఏదైనా స్వామివారి వాహనమే కదా, పార్కింగ్ మనమే ఇవ్వాలి," అన్నాడు. ఇంకా నవ్వారు. నేను నవ్వలేదు.

అతనే మళ్ళీ అడిగాడు. "అక్కా, మరి ఈ టైప్ ఒరిజినల్‌గా ఇక్కడిదేనా?"

ఊరుకోవచ్చు. అవునంటే అక్కడితో అయిపోయేది. జాబితాలో నా పేరు అప్పటికప్పుడు తిరిగి వచ్చేదేమో. కాని ఒకసారి చూడకుండా చెప్పినందుకే ఇంత జరిగింది. ఇప్పుడు తెలిసి అబద్ధం చెబితే ఆ ఫొటోలకు విలువుండదు.

"కాదు," అన్నాను. "దీని మొదటి పుట్టుక మన వైపే. ఓడల్లో వందల ఏళ్ళ కిందట బయల్దేరి, యూరప్ మీదుగా ఇక్కడికొచ్చింది. ఇక్కడ పుట్టి పెరిగిన సంతానం ఇది."

"అంటే దీనికి ఎప్పుడో సిటిజన్‌షిప్ వచ్చేసింది," అన్నాడతను. "మనమే ఇంకా గ్రీన్ కార్డ్ క్యూలో ఉన్నాం."

ఆంటీ కూడా నవ్వింది. నవ్వి, "చూశావా, చివరికి ఇండియా ఎలుకే అయింది," అంది. తరవాత టేబుల్ మీద కాగితాలు ఒక పక్కకు జరిపింది. "సరేనమ్మా. ఇంత కష్టపడ్డావు. ఉండ్రాళ్ళు నువ్వే చేద్దువుగాని. మా కిచెన్‌లో చెయ్యి. పెద్ద స్టవ్, ప్లేస్ ఉంటుంది, ఎవరికీ డౌట్ ఉండదు."

గదిలో అందరికీ అది మంచి మాటలాగే వినిపించింది. మా ఆయన కళ్ళతో నన్ను ఒప్పుకోమన్నారు.

"లేదాంటీ. చేస్తే మా ఇంట్లోనే చేస్తాను. మీ ఇంట్లో చేస్తే నా ఇల్లు బాగాలేదని నేనే ఒప్పుకున్నట్టు."

"అంత పట్టుదల ఎందుకమ్మా. దేవుడి పని."

"దేవుడి పని కాబట్టే."

"మరి వాళ్ళందరికీ నమ్మకం ఎలా కలగాలి?"

"మీరొచ్చి కూర్చోండి. పూజ రోజు తెల్లవారుజామున ఐదింటికి మొదలుపెడతాను. మొదటి నుంచి చివరిదాకా చూడండి. అప్పటికీ మీకు డౌట్ ఉంటే ఆ గిన్నె హాలుకి తీసుకురాను."

ఆవిడ ఫ్లవర్స్ ఆర్డర్ కాగితం మళ్ళీ చేతిలోకి తీసుకుంది. కరీంనగర్ పెద్దాయనే, "పోయి కూసోరాదమ్మా, పొద్దుగాల చాయ్ అన్న దొరుకుతది," అన్నాడు. ఆంటీ మొహం ముడుచుకుని "చూద్దాం" అంది.

ఆ వారమంతా నేను ఇల్లు తోమాను. జాలీ బాగుచేయడానికి రెంటల్ ఆఫీసుకి రోజూ ఫోన్ చేశాను. నాలుగో రోజున, నా గొంతు వినబడగానే మనిషిని పంపుతున్నామని చెప్పారు. కొమ్మ కూడా నరికించాను.

చవితి పూజ రోజు ఐదుకి పది నిమిషాలుండగా కార్ లైట్లు మా కిటికీ మీద పడ్డాయి. ఆంటీ వచ్చింది. పట్టుచీర ఒక సంచిలో పెట్టుకుని, మామూలు కాటన్ చీరలో వచ్చింది. నేరుగా గరాజ్ తలుపు తీసి లోపలికి చూసింది. ఒక్క సంచి లేదు. నేల నున్నగా ఉంది. తలుపు వేసి వచ్చి కిచెన్‌లో కుర్చీ వేసుకుని కూర్చుంది. నేను టీ ఇచ్చాను. పాలు ఎక్కువయ్యాయంది.

నానబెట్టిన శనగపప్పు, జీలకర్ర, ఉప్పు, నెయ్యి వేసి ఎసరు మరిగించాను. బియ్యం రవ్వ పోసి కలుపుతుంటే ఆవిడ రెండుసార్లు నోరు తెరిచి మూసుకుంది. మూడోసారి, "మంట తగ్గించు, అడుగంటుతుంది," అంది. నాలుగేళ్ళుగా ఒక్కసారీ అడుగంటలేదని చెప్పాను. చల్లారిన పిండి పళ్ళెంలోకి తీసేసరికి ఏడవుతోంది. రెండు వందల మందికి ఒక్కదాన్నే ఉండలు చుట్టాలి. మా ఆయన చేతికి ఆ గుండ్రటితనం రాదు. ఆంటీ కాసేపు చూసి, లేచి, మోచేతుల దాకా చేతులు కడుక్కుని, నెయ్యి రాసుకుని కూర్చుని చుట్టడం మొదలుపెట్టింది. ఆవిడవి నావాటికంటే చిన్నవి. సమంగా ఉన్నాయి. ఆ సంగతి ఆవిడకు చెప్పలేదు.

హాల్లో నైవేద్యం అయ్యాక ప్రసాదం బల్ల దగ్గర నేనే నిలబడ్డాను. మొదట వచ్చిన ముగ్గురు పులిహోర పెట్టించుకుని ఉండ్రాళ్ళు వద్దన్నట్టు చెయ్యి అడ్డం పెట్టారు. నేను గరిటె పట్టుకుని అలాగే నిలబడ్డాను. అప్పుడు ఆంటీ బల్ల పక్కకు వచ్చి, వరసలో అందరికీ వినబడేలా, "పెట్టించుకోండి, వాళ్ళింట్లో చేసినవే. నేను పొద్దుటి నుంచీ పక్కనే కూర్చున్నాను," అంది. వరస కదిలింది. గంటన్నరకి గిన్నె ఖాళీ అయింది.

నేను కోరుకున్నది పొరపాటైందన్న ఒక్క మాట. దొరికింది పూచీకత్తు. ఆ తేడా నాకు ఆ రోజూ తెలుసు, ఇప్పుడూ తెలుసు. అయినా గిన్నె ఖాళీగా ఇంటికొచ్చింది, అది కూడా నిజమే.

మరుసటి ఏడు జాబితాలో ఉండ్రాళ్ళ ఎదురుగా నా పేరు ఎవరూ అడగకుండానే వచ్చింది. పండగకి మూడు రోజుల ముందు ఆంటీ ఫోన్ చేసి, ఐదింటికి రానా అని అడిగింది.

"అక్కర్లేదాంటీ," అన్నాను. "ఈసారి నేనొక్కదాన్నే చేస్తాను."

నాలుగింటికే లేచి మొదలుపెట్టాను. అన్నీ చుట్టడం అయ్యేసరికి వేళ్ళు వంగలేదు. గిన్నె కార్‌లో పెట్టుకుని హాలుకి నేనే తీసుకెళ్ళాను.